తిన్నది అడవి దారిలో... బిల్లు ఎవరి పేరునో!

దమ్మపేట వైపు నుంచి వస్తుంటే ముందుగా ఆయిల్‌పామ్ తోటలు పలకరిస్తాయి. గీత గీసినట్టు వరసగా నిలబడ్డ చెట్లు, కింద నరికి పడేసిన మట్టలు, గెలలు నింపుకుని ఫ్యాక్టరీ దారి పట్టిన ట్రాక్టర్లు. అటు అశ్వారావుపేటలో ఒకటి, ఇటు అప్పారావుపేటలో ఒకటి ఆయిల్‌ఫెడ్ ఫ్యాక్టరీలు వచ్చాక ఈ పట్టీ అంతా పామాయిల్ సీమ అయిపోయింది. ఇంకాస్త ముందుకెళితే తోటలు పలచబడతాయి. టేకు, తునికి, ఇప్ప చెట్లు మొదలవుతాయి. అక్కడక్కడా రోడ్డు వారగా కోయ గూడేలు, వాటి వెనక పోడు చేలు. అలా తోటకీ అడవికీ మధ్య ఎక్కడో తగులుతుంది ములకలపల్లి.

మండల కేంద్రమే. తహసీల్దారు ఆఫీసు, పోలీస్ స్టేషన్, బస్సు ఆగే సెంటరు అన్నీ ఉన్నాయి. అయినా దీన్ని పట్టణమని ఎవరూ అనరు. భద్రాద్రి రాముడి దగ్గరకు వెళ్లేవాళ్లలో చాలామంది పాల్వంచ మీదుగా జాతీయ రహదారిపైనే పోతారు కాబట్టి ఈ ఊరి పేరే వినరు. అశ్వారావుపేట, దమ్మపేటల మీదుగా కార్లో వచ్చేవాళ్లకి మాత్రం ఇది దారిలో ఊరు. ఇక్కడి నుంచి పాల్వంచ చేరితే పెద్ద రోడ్డు. ఆ రోడ్డెక్కితే పెద్దమ్మతల్లి గుడి, సారపాక కాగితపు మిల్లు, గోదావరి వంతెన, ఆవల భద్రాచలం. పాల్వంచ నుంచే కాస్త పక్కకి తిరిగితే కిన్నెరసాని. ఈమధ్య ఈ మండలం పేరు పేపర్లో పెద్దక్షరాల్లో పడింది ఒక్కసారే. సీతారామ ఎత్తిపోతల పథకంలో రెండో పంప్‌హౌస్ ఉన్న పూసుగూడెం ఈ మండలంలోదే. 2024 ఆగస్టు 15న దాన్ని ప్రారంభించారు.

ఇలాంటి దారిలో ప్రయాణికుడికి ఆకలేస్తే ఎక్కడో ఒకచోట ఆగాల్సిందే. రేకుల షెడ్డు, నాలుగు బల్లలు, అరిటాకో స్టీలు కంచమో, వేడన్నం, పప్పు, నాటుకోడి కూర. గల్లాపెట్టె పక్కన క్యూఆర్ అట్ట. కాస్త పెద్ద హోటలైతే కార్డు గీకే మిషను. ఇప్పుడు అడవి అంచుల్లోనూ ఇది మామూలే.

కథ అసలు మొదలయ్యేది ఇంటికెళ్లాక!

ఏలూరు నుంచి వచ్చిన ఒక కుటుంబం అనుకుందాం. ముందురోజు పొద్దున బయల్దేరారు. దారిలో టిఫిను, మధ్యాహ్నం భోజనం, భద్రాచలంలో రాత్రి బస, మర్నాడు దర్శనం, పర్ణశాల, తిరుగు దారిలో మళ్లీ భోజనం. నెలాఖరున క్రెడిట్ కార్డు స్టేట్‌మెంట్ వస్తుంది. ఇంటాయన కళ్లజోడు సవరించుకుని చూస్తాడు. ఏదో ‘హాస్పిటాలిటీ సర్వీసెస్’ అట, 1,840 రూపాయలు. పక్కన ఊరి పేరు హైదరాబాద్. ‘హైదరాబాద్ మనమెప్పుడు పోయాం?’ అని ఇల్లాలిని అడుగుతాడు. ఆవిడకీ గుర్తులేదు. దాని కిందే ఇంకోటి, ఎవరో వ్యక్తి పేరు, 620 రూపాయలు. ఈయనెవరు?

ఇక్కడ మనుషులు రెండు రకాలు. ‘ఆఁ, ఎక్కడో తినే ఉంటాంలే’ అని కట్టేసేవాళ్లు ఒక రకం. ‘మోసం! కార్డు బ్లాక్ చెయ్యండి’ అని వెంటనే ఫోనెత్తేవాళ్లు రెండో రకం. ఇద్దరూ తొందరపడినట్టే. మొదటివాళ్లకి జేబుకి చిల్లు పడొచ్చు. రెండోవాళ్ల వల్ల ఎక్కడో అడవి దారిలో ఉన్న హోటలాయన గల్లాకి చిల్లు పడొచ్చు.

భద్రాచలం రోడ్... భద్రాచలంలో లేదు!

పేరొకటి, చోటొకటి కావడం ఈ ప్రాంతానికి కొత్తేం కాదు. రైల్లో భద్రాచలం వెళ్దామని ‘భద్రాచలం రోడ్’ స్టేషన్లో దిగినవాళ్లని అడగండి. దిగేది కొత్తగూడెంలో. గోదావరి ఇంకా నలభై కిలోమీటర్ల అవతల ఉంటుంది. మరి టికెట్ మీద అబద్ధం అచ్చయిందా? లేదు. రైల్వే వాళ్ల రికార్డులో ఆ స్టేషను పేరది, అంతే.

జిల్లాల సంగతీ అంతే. ములకలపల్లి నిన్నమొన్నటిదాకా ఖమ్మం జిల్లా. 2016 అక్టోబరు 11 నుంచి భద్రాద్రి కొత్తగూడెం జిల్లా. అంతకు రెండేళ్ల ముందు, 2014లో, పోలవరం ముంపు మండలాలు ఆంధ్రప్రదేశ్‌లో కలిశాయి. భద్రాచలం పట్టణం మాత్రం తెలంగాణలోనే ఉండిపోయింది. బ్యాంకుల బోర్డులూ ఊరుకోలేదు. స్టేట్ బ్యాంక్ ఆఫ్ హైదరాబాద్ 2017లో ఎస్‌బీఐ అయింది. ఆంధ్రాబ్యాంకు 2020లో యూనియన్ బ్యాంకులో కలిసింది. ఏపీజీవీబీ తెలంగాణ శాఖలు 2025 జనవరి 1 నుంచి తెలంగాణ గ్రామీణ బ్యాంకు. గూడెంలో ముసలమ్మ మాత్రం ఇప్పటికీ పాత పేరే చెబుతుంది. ఆవిణ్ని తప్పుపట్టేదేముంది!

కార్డు స్టేట్‌మెంటులో జరిగేదీ ఇదే. హోటలాయన మిషను తీసుకునేటప్పుడు బ్యాంకుకి కాగితాలిస్తాడు. అందులో ఉండేది రిజిస్ట్రేషన్ పేరు. గుమ్మం మీద బోర్డు ‘శ్రీరామా మెస్’ అని ఉండొచ్చు, కాగితాల మీద యజమాని పేరో, బావమరిదితో కలిసి పెట్టిన సంస్థ పేరో ఉండొచ్చు. నాలుగు ఊళ్లలో శాఖలున్న హోటలైతే అన్నిటికీ కలిపి ఒకే కంపెనీ పేరు, ఆఫీసున్న ఊరి పేరు పడతాయి. అందుకే తిన్నది పాల్వంచలో అయినా కనిపించేది హైదరాబాద్. పైగా కార్డు సంస్థల లెక్కలో ఆ పేరుకిచ్చే చోటు 22 నుంచి 25 అక్షరాలు, ఊరికి 13. పొడుగు పేరైతే మధ్యలోనే తోక తెగిపోతుంది. ‘శ్రీ సీతారామచంద్ర’ అని మొదలయ్యే పేర్లు ఈ చుట్టుపక్కల ఎన్నుంటాయో చెప్పక్కర్లేదు. అన్నీ అక్కడే తెగితే ఏది ఏదో తేల్చడం ఆ రాముడి వల్లే కావాలి.

మిషన్ల ద్వారా కాకుండా ఆన్‌లైన్లో బుక్ చేసిన భోజనమైతే ఇంకో చిక్కు. హోటలు పేరు బదులు మధ్యలో డబ్బు అందించే పేమెంట్ కంపెనీ పేరు ముందు పడుతుంది. హోటలు పేరు ఆ వెనకాల నక్షత్రం గుర్తు తర్వాత కనిపిస్తే అదృష్టమే.

హోటల్ అంటే ఏ హోటల్?

మన భాషలో ఇంకో తమాషా ఉంది. తెలుగువాడు ‘హోటల్‌కెళ్దాం’ అంటే ఇడ్లీ తినడానికని అర్థం. పడుకోవడానికైతే లాడ్జి అంటాడు. కార్డుల లోకంలో అలా కాదు. ప్రతి వ్యాపారానికీ నాలుగంకెల కోడ్ ఉంటుంది. కూర్చుని తినే భోజనశాలలకి 5812, త్వరత్వరగా తిని పోయే ఫాస్ట్‌ఫుడ్‌కి 5814, బార్లకి 5813. హోటల్ అని వాళ్లు పిలిచే బసకి 7011. లాడ్జిలో దిగి, కింద వాళ్ల రెస్టారెంట్లోనే తిని, కార్డు గీకితే అది భోజనం కోడ్‌లో పడొచ్చు, బస కోడ్‌లో పడొచ్చు. ‘రూము డబ్బులు నగదు ఇచ్చాం కదా, మళ్లీ ఈ హోటల్ బిల్లేంటి?’ అని కంగారుపడేది ఇక్కడే. బ్యాంకు కస్టమర్ కేర్ వాళ్లని అడిగితే ఆ కోడ్ ఏ తరహా వ్యాపారానిదో చెబుతారు. పేరు చెప్పని సంగతి కొన్నిసార్లు ఆ నాలుగంకెలు చెబుతాయి.

తేదీల గొడవ ఒకటి. స్టేట్‌మెంటులో కార్డు గీకిన తేదీ ఉంటుంది, డబ్బు ఖాతాకెక్కిన తేదీ ఉంటుంది. కొన్ని బ్యాంకులు రెండూ చూపిస్తాయి, కొన్ని ఒకటే. మిషనులో రోజు లెక్క ముగించి పంపితేనే ఆ సొమ్ము హోటలాయనకి చేరుతుంది. ఆదివారం రాత్రి తిన్న భోజనం మంగళవారం ఖాతాలో కనిపిస్తే, ‘మంగళవారం మనం ఇంట్లోనే ఉన్నాం’ అనడం సాక్ష్యం కాదు మరి.

లెక్క తేడా పడటం కూడా ఉంది. ఇక్కడ మనకి పిన్ కొట్టి ఎంత ఇస్తే అంతే. అమెరికాలో పిల్లల దగ్గరికెళ్లిన అమ్మానాన్నలకి మాత్రం ఇది వింత. రెస్టారెంట్లో 40 డాలర్లకి కార్డు ఇస్తారు. ఫోన్లో 40 అనే వస్తుంది. రెండ్రోజులయ్యాక చూస్తే 48! మధ్యలో సంతకం పెట్టిన కాగితం మీద టిప్పు రాసింది అబ్బాయే. హోటలు వాళ్లు దాన్ని కలిపి పంపారు. రాయని టిప్పు కలిపితే అది వేరే మాట. అక్కడ 1974 నాటి చట్టం ప్రకారం స్టేట్‌మెంట్ పంపిన నాటి నుంచి 60 రోజుల్లోగా రాతపూర్వకంగా అభ్యంతరం చెప్పుకోవచ్చు.

ఇక అడవి దారుల ప్రత్యేకం సిగ్నల్. మిషన్ తిప్పుతూ గుమ్మం దాకా వచ్చి, చెయ్యి పైకెత్తి, ‘పోలేదండీ, ఇంకోసారి పెట్టండి’ అంటాడు కుర్రాడు. రెండోసారి పెడతారు. పోతుంది. తీరా చూస్తే మొదటిదీ పోయింది! ఇది మోసం కాదు, మధ్యలో తెగిన సంభాషణ. 2019 సెప్టెంబరు 20న రిజర్వ్ బ్యాంక్ దీనికో గడువు పెట్టింది. ఖాతాలో డబ్బు తగ్గి, దుకాణానికి అందినట్టు ఖరారు కాకపోతే లావాదేవీ జరిగిన రోజు తర్వాత ఐదు రోజుల్లో దానంతటదే వెనక్కి రావాలి. ఆలస్యమైతే రోజుకి 100 రూపాయల చొప్పున పరిహారం ఇవ్వాలి. కాబట్టి రెండు ఒకే మొత్తాలు కనబడితే ఐదు రోజులు ఆగి చూడటంలో తప్పులేదు. ఫిర్యాదు నంబరు మాత్రం ముందే తీసుకుని పెట్టుకోవాలి.

కల్లంలో లెక్క

ఈ తతంగమంతా పట్నంవాళ్లకి కొత్త విద్యలా తోస్తుంది కానీ, ములకలపల్లి చుట్టుపక్కల గూడేలకి లెక్క సరిచూసుకోవడం కొత్త కాదు. ఎండలు ముదిరాక తునికాకు సీజన్ చూడండి. తెల్లారకముందే అడవిలోకి వెళ్తారు. ఆకు కోసి, ఇంటిల్లిపాదీ కూర్చుని కట్టలు కడతారు. కట్టకి 50 ఆకులు. వెయ్యి కట్టలైతే ఒక స్టాండర్డ్ బ్యాగు. సాయంత్రానికి కల్లం దగ్గర వరసలు. కట్టలు పేర్చి లెక్క చెప్పేది కోసినామె, రాసుకునేది కల్లేదారు. ఆమె చెప్పిన అంకె, ఆయన రాసిన అంకె ఒకటి కాకపోతే గొడవ అక్కడికక్కడే. ‘రేపు చూద్దాంలే’ అంటే రేపటికి ఆ కట్టలు వేరే కుప్పలో కలిసిపోతాయి, అడగడానికి ఏమీ మిగలదు. కట్టకి పైసల్లో పెరిగే రేటు కోసమే ఈ అడవుల్లో ఎన్నో పోరాటాలు జరిగాయి. అలాంటప్పుడు కట్ట లెక్క తప్పితే ఊరుకుంటారా!

ఉప్పుకీ, గుడ్డకీ అటవీ ఫలసాయం తూచి ఇచ్చి, షావుకారు తూకానికి మోసపోయిన తరాల అనుభవం వెనక ఉంది. గిరిజన సహకార సంస్థ 1956లో పుట్టింది అందుకే. పామాయిల్ రైతు ఇవాళ చేసేదీ అదే పని. ఫ్యాక్టరీ కాటా దగ్గర ఇచ్చిన చీటీ జేబులో పెట్టుకుంటాడు. బ్యాంకులో డబ్బు పడ్డాక చీటీ తీసి చూసుకుంటాడు.

కార్డు కూడా ఈ జిల్లాకి పట్నం కంటే పెద్ద వెనకగా రాలేదు. ఉపాధి హామీ పథకం 2006లో తొలి విడత జిల్లాల్లోనే ఖమ్మానికి వచ్చింది. ఆ కూలీ డబ్బులూ, పింఛన్లూ వేలిముద్రతో ఇచ్చే స్మార్ట్‌కార్డులు ఉమ్మడి రాష్ట్రంలో వచ్చినప్పుడు, వాటివల్ల ఏం మారిందో తేల్చడానికి ముగ్గురు ఆర్థికవేత్తలు ఎనిమిది జిల్లాల్లో 157 మండలాల్లో పెద్ద పరిశోధన చేశారు. ఖమ్మం అందులో ఒకటి. 2016లో అచ్చయిన వారి ఫలితాల ప్రకారం కూలీ త్వరగా అందింది, మధ్యలో కారిపోయేది తగ్గింది. కార్డు దానంతటది దొంగ కాదు, దొర కాదు. దాని వెనక లెక్క ఎవరు చూస్తున్నారన్నదే అసలు సంగతి.

ఆ పథకంలోనే సామాజిక తనిఖీ ఉండేది. మస్టర్‌లో ఉన్న పేర్లు ఊళ్లోవాళ్ల ముందు చదివేవాళ్లు. ఎవరెన్ని రోజులు పని చేశారు, ఎంత ఇచ్చినట్టు రాశారు అని పైకే వినిపించేవాళ్లు. పనికే రాని మనిషి పేరు వినిపిస్తే పక్కవాళ్లకి తెలియకపోదు కదా. ‘ఆయన పోయి రెండేళ్లయింది’ అని ఎవరో ఒకరు లేచి చెప్పేవాళ్లు. స్టేట్‌మెంటులో తెలియని పేరు పట్టుకునే పద్ధతి ఇంతకంటే గొప్పదేం కాదు. ఇంటిల్లిపాదీ కూర్చుని పైకి చదువుకోవడమే. నాన్నకి గుర్తులేనిది పెద్దమ్మాయికి గుర్తుంటుంది. ‘పాల్వంచ దాటాక ఐస్‌క్రీం కొనిపెట్టావు కదా నాన్నా, ఆ హోటల్!’ అంటుంది. 620 లెక్క తేలిపోతుంది.

ముందు గుర్తుపట్టాలి... తర్వాతే గొడవ

గుర్తుపట్టడానికి ఆధారాలు ఇంట్లోనే ఉంటాయి. ఫోన్లో వచ్చిన ఎస్ఎంఎస్‌లో సమయం ఉంటుంది. ఆ సమయానికి ఫోటోలు ఎక్కడ తీశారో చూస్తే ఊరు తెలుస్తుంది. కార్డు చీటీ దొరికితే ఇంకేం కావాలి! అందులో మిషను నంబరు, అనుమతి కోడ్, పన్నెండంకెల లావాదేవీ నంబరు అన్నీ ఉంటాయి. చిక్కేమిటంటే ఆ చీటీ వేడికి నల్లబడే కాగితం మీద అచ్చయ్యేది. కారు డ్యాష్‌బోర్డు మీద నాలుగు రోజులు ఎండలో పడితే అచ్చు కాస్తా మాయం. సారపాకలో అంత పెద్ద కాగితపు మిల్లు పక్కనుంచే వచ్చినా సరే! తీసుకోగానే ఫోన్‌తో ఒక ఫోటో కొట్టుకుంటే సరిపోతుంది.

హోటలు నంబరు బిల్లు మీదే ఉంటుంది. ఫోన్ చేసి, ‘ఫలానా రోజు మధ్యాహ్నం మీ దగ్గర తిన్నామండీ, మీ మిషన్ పేరేంటి?’ అంటే రెండు నిమిషాల్లో తేలే వ్యవహారమిది. చాలామంది ఈ ఒక్క ఫోన్ చెయ్యరు. నేరుగా బ్యాంకుకి ఎక్కుతారు.

అప్పుడేమవుతుంది? ‘ఈ లావాదేవీ నాది కాదు’ అని కార్డుదారు రాసిస్తే, ఆ బ్యాంకు హోటలాయన బ్యాంకుని అడుగుతుంది. ఆ బ్యాంకు హోటలాయన్ని చీటీ, బిల్లు చూపించమంటుంది. గడువులోగా చూపించలేకపోతే సొమ్ము ఆయన ఖాతాలోంచి వెనక్కి పోతుంది. అన్నం పెట్టాడు, కూర వడ్డించాడు, నెల తర్వాత డబ్బు పోయింది. పొద్దున్నే లేచి గిన్నెలు దించేవాడికి, రాత్రి పొయ్యి ఆర్పేసరికి చీటీలన్నీ వరసగా దాచే తీరిక ఎక్కడిది? పెద్ద హోటళ్లకి దీనికో గుమస్తా ఉంటాడు. మండల కేంద్రంలో మెస్సు నడిపే మనిషికి 1,840 రూపాయలంటే రెండ్రోజుల కూరగాయలు. రెండు మూడు సార్లు ఇలా జరిగితే మిషను తీసి లోపల పెట్టి, ‘నగదు మాత్రమే’ అని అట్ట కట్టేస్తే ఆయన్ని ఏమనగలం?

అలాగని నిజంగా మీది కాని బిల్లు చూసి మొహమాటపడాల్సిన పనీ లేదు. అక్కడ మాత్రం కల్లం దగ్గర ఆడమనిషిలా అప్పటికప్పుడే అడగాలి. 2017 జులై 6న రిజర్వ్ బ్యాంక్ వాణిజ్య బ్యాంకులకీ, గ్రామీణ బ్యాంకులకీ ఇచ్చిన ఉత్తర్వుల్లో గడువు స్పష్టంగా ఉంది. తప్పు ఖాతాదారుదీ కాక, బ్యాంకుదీ కాక, మధ్యలో ఎవరో చేసిన మోసమైతే, సమాచారం అందిన మూడు పనిదినాల్లో చెబితే ఒక్క రూపాయీ భరించక్కర్లేదు. నాలుగు నుంచి ఏడు పనిదినాల మధ్య చెబితే ఒక పరిమితి మేరకు భరించాలి. బేసిక్ ఖాతాకి 5,000, మామూలు పొదుపు ఖాతాకీ 5 లక్షల లోపు పరిమితి ఉన్న క్రెడిట్ కార్డుకీ 10,000, అంతకు పైబడ్డ క్రెడిట్ కార్డుకి 25,000 రూపాయలు. ఏడు దాటితే బ్యాంకు పాలసీ ఎలా ఉంటే అలా. ఫిర్యాదు అందిన పది పనిదినాల్లో ఆ మొత్తాన్ని తాత్కాలికంగా ఖాతాలో వెయ్యాలి, 90 రోజుల్లో తేల్చాలి. ఖాతాదారుదే తప్పని చూపించాల్సిన భారం బ్యాంకుదే. అయితే పిన్, ఓటీపీ మనమే చెప్పేస్తే ఫిర్యాదు చేసేదాకా పోయిన డబ్బు మన నెత్తినే.

మూడు పనిదినాలు ఎప్పటినుంచి? సమాచారం అందినప్పటి నుంచి. అంటే ఎస్ఎంఎస్ వచ్చిన రోజు నుంచి అనే అనుకోవాలి. నెలాఖరు స్టేట్‌మెంట్ కోసం కూర్చునేవాళ్లు ఇక్కడే నష్టపోతారు. అడవిలో సిగ్నల్ లేక రెండ్రోజుల మెసేజ్‌లన్నీ పాల్వంచలో ఒక్కసారే టింగుటింగుమంటూ వచ్చిపడితే, అవన్నీ చదవడానికి అయిదు నిమిషాలు కేటాయించాల్సిందే.

ఫిర్యాదు ఎలా? ముందు కార్డు ఆపించాలి. కస్టమర్ కేర్‌కి చెప్పి నంబరు తీసుకోవాలి. అదే సంగతి మెయిల్‌లోనో కాగితం మీదో రాసివ్వాలి. మోసమని ఖాయమైతే 1930కి ఫోన్ చెయ్యాలి. క్రెడిట్ కార్డు బిల్లు మీద అభ్యంతరం చెప్పినప్పుడు 30 రోజుల్లోగా వివరణ, అవసరమైన పత్రాలు ఇవ్వాలని 2022 ఏప్రిల్‌లో వచ్చిన రిజర్వ్ బ్యాంక్ ఆదేశాలు చెబుతున్నాయి. మోసమని వివాదంలో పెట్టిన మొత్తం మీద అది తేలేదాకా ఛార్జీలు వెయ్యకూడదు కూడా. బ్యాంకు నెల రోజుల్లో పలక్కపోయినా, చెప్పింది నచ్చకపోయినా రిజర్వ్ బ్యాంక్ అంబుడ్స్‌మన్ ఉన్నారు. పైసా ఖర్చులేదు.

ఇంకో రకం తెలియని బిల్లుంది. హోటలు మనకి తెలుసు, తిన్నదీ మనమే, కానీ అడుగున ‘సర్వీస్ ఛార్జి’ అని ఓ వరస. ఇది మెస్సుల జబ్బు కాదు, ఏసీ హాళ్ల జబ్బు. దాన్ని బిల్లులో దానంతటదే కలపకూడదని కేంద్ర వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ 2022 జులై 4న చెప్పింది. హోటళ్ల సంఘాలు కోర్టుకెళితే ఢిల్లీ హైకోర్టు 2025 మార్చి 28న ఆ మార్గదర్శకాలనే సమర్థించింది. తీసేయమని బల్ల దగ్గరే అడగొచ్చు. వినకపోతే 1915. కార్డు గీకాక బ్యాంకుతో పోట్లాడటం కంటే గీకకముందు అడగడం తేలిక.

రాముడూ రసీదు తీసుకున్నాడు

లెక్కల తగాదాకి ఈ గడ్డ మీద ఉన్నంత పెద్ద కథ ఇంకెక్కడా ఉండదేమో. కంచర్ల గోపన్న ఈ పాల్వంచ పరగణాకే తహసీల్దారు. శిస్తు వసూలు చేసి గోల్కొండకి పంపాల్సినవాడు. ఆ సొమ్ముతో భద్రాద్రి గుడి కట్టాడు. తానీషా సర్కారు వారి స్టేట్‌మెంటులో తెలియని ఖర్చు కనబడింది! పన్నెండేళ్లు జైల్లో పెట్టారు. జైల్లో రామదాసు పాడినవాటిలో ‘ఇక్ష్వాకు కులతిలక’ కీర్తన వినండి. ప్రాకారాలకెంత, మండపానికెంత, ఏ నగకెంత అని ఒక్కో ఖర్చూ వరసగా అప్పజెబుతాడు. దేవుడి ముందు పెట్టిన వివరమైన బిల్లు అది. భక్తులకి అందులో ఆర్తి వినిపిస్తుంది, లెక్కలు చూసేవాళ్లకి ఒక్కో పద్దూ కనిపిస్తుంది.

చివరికేమైందో అందరికీ తెలిసిందే. రామలక్ష్మణులు రామోజీ, లక్ష్మోజీ అనే పేర్లతో అర్ధరాత్రి తానీషా దగ్గరికి వెళ్లి ఆరు లక్షల మొహరీలు కట్టారంటారు. కట్టి ఊరికే వచ్చారా? లేదు, రసీదు రాయించుకుని మరీ వచ్చారు. దాన్ని రామదాసు తలగడ దగ్గర పెట్టారు. కట్టిన పేర్లు మాత్రం అసలు పేర్లు కావు. తానీషాకి ఆ ఇద్దరూ ఎవరో గుర్తుపట్టడానికి తెల్లారేదాకా పట్టింది.

గూడేల్లో ఇవాళ కార్డు స్టేట్‌మెంటు ఇంటికొచ్చేవాళ్లు తక్కువ. వాళ్ల లావాదేవీ వేలిముద్రది. చిన్న మిషన్ పట్టుకున్న కస్టమర్ సర్వీస్ పాయింట్ కుర్రాడి దగ్గర ఆధార్ నంబరు చెప్పి, వేలు పెట్టి, పింఛనో కూలి డబ్బో తీసుకుంటారు. ‘వేలు సరిగా పడలేదు, ఇంకోసారి పెట్టమ్మా’ అన్నప్పుడు చిక్కు అక్కడా ఉంది. రెండుసార్లు పెడితే రెండుసార్లు డబ్బు పోయిందేమో ఆవిడకి తెలిసేదెలా? అందుకే చదవడం రాకపోయినా చీటీ అడిగి తీసుకోవాలి. అదే మిషన్లో మినీ స్టేట్‌మెంట్ వస్తుంది, అదీ అడగొచ్చు. ఆ చీటీని కొంగున ముడేసుకుని ఇంటికి తెచ్చి, సాయంత్రం బడి నుంచి వచ్చిన మనవరాలి చేత చదివిస్తుంది అవ్వ. అంకెలు మాత్రం తనే పైకి లెక్కపెట్టుకుంటుంది.